అవతలి జట్టు కళ్లతో మన మ్యాచ్

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం డోటా 2 అనే కంప్యూటర్ ఆటలో రీప్లేల గురించే, అంటే ఆడేసిన మ్యాచ్‌ని మళ్లీ చూసుకోవడం గురించే ఉన్నాయి. అందుకని శీర్షిక మొత్తం వాటికే ఇచ్చేస్తున్నాను. ఈ ఆట తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు: రేడియంట్, డైర్ అని రెండు పక్షాలు. పక్షానికి ఐదుగురు, మనిషికో హీరో. ఎదుటివాళ్ల కోటలో ఉన్న ఏన్షెంట్‌ను ఎవరు ముందు కూల్చితే వాళ్లు గెలిచినట్టు. మ్యాప్ మీద మనవాళ్ల చూపు పడని చోటల్లా చీకటి కమ్ముకుని ఉంటుంది. దాన్ని ఫాగ్ అంటాం. ఈ ఆటలో సగం ఆ చీకట్లోనే జరుగుతుంది. రీప్లే విలువంతా అక్కడే ఉందని నా నమ్మకం.

నేను సపోర్ట్ (జట్టుకి సాయపడే పాత్ర) ఆడతాను, ఎక్కువగా క్రిస్టల్ మెయిడెన్ అనే హీరోతో. మ్యాచ్‌కి పది పన్నెండు సార్లు చచ్చిపోతున్నాను. టీమ్‌లో వాళ్లు తిడుతున్నారు. రీప్లే చూడమని అందరూ అంటే చూస్తున్నాను. నలభై నిమిషాల మ్యాచ్‌ని నలభై నిమిషాలూ కూర్చుని చూసినా చూసిందే చూసినట్టుంది. ఏం నేర్చుకోవాలో అంతుపట్టట్లేదు.
— ఇంజినీరింగ్ విద్యార్థి, గుంటూరు

ముందు ఆ పూర్తి మ్యాచ్ చూడటం మానేయండి. మీ కళ్లతో చూసిన ఆటనే మళ్లీ మీ కళ్లతో చూస్తే కొత్తగా ఏం కనిపిస్తుంది? మీకు తెలియని సంగతులన్నీ అవతలివైపు ఉన్నాయి.

రీప్లే తెరిచాక టైమ్‌లైన్ మీద మీరు చచ్చిపోయిన ఒక చోటు పట్టుకోండి. అక్కణ్నుంచి ఒక నిమిషం వెనక్కి వెళ్లండి. ఇప్పుడు రెండు మార్పులు చేయాలి. ఒకటి, మ్యాప్ చూపు. మొదట్లో రెండు జట్ల చూపూ కలిపి ఉంటుంది, దాన్ని ఎదుటి జట్టుకి మార్చండి. రెండోది, కెమెరా. ప్లేయర్ పర్‌స్పెక్టివ్ పెట్టి, మిమ్మల్ని చంపినవాణ్ని ఎంచుకోండి. ఇక అతని స్క్రీన్ మీ ముందుంటుంది. అతను కెమెరా ఎటు తిప్పితే అటు తిరుగుతుంది, అతని మౌస్ బాణం ఎక్కడ తచ్చాడిందో కూడా కనిపిస్తుంది. డైరెక్టెడ్ కెమెరా జోలికి మాత్రం పోకండి. అది కొట్లాట ఎక్కడుంటే అక్కడికి దూకుతుంది. మీకు కావలసింది కొట్లాటకి ముందు జరిగిన తతంగం.

మీలాగే క్రిస్టల్ మెయిడెన్ ఆడే ఒక పాఠకుడు ఈమధ్య తన మ్యాచ్ నెంబరు పంపాడు. పద్దెనిమిదో నిమిషంలో అతను వార్డ్ (చుట్టుపక్కల చూపునిచ్చే వస్తువు) పెట్టడానికి నది దాటి డైర్ వాళ్ల అడవి పక్కనున్న గుట్ట మీదికి వెళ్లాడు. పైకెక్కీ ఎక్కకముందే ఎదుటి హీరో పడ్జ్ విసిరిన కొక్కెం తగిలింది, పక్కనుంచి వాళ్ల ఇంకో హీరో లయన్ వచ్చాడు, అంతే. "ఒక్కడివే ఎందుకెళ్లావ్" అని చాట్‌లో మొదలుపెట్టారు. అతని వైపు నుంచి చూస్తే అది వట్టి దురదృష్టం. నేను డైర్ వైపుకి మారి, పడ్జ్ కళ్లతో చూశాను. పడ్జ్ అప్పటికే చెట్ల సందులో నిలబడి ఉన్నాడు. లేన్‌లో రావాల్సిన క్రీప్ వేవ్ (చంపితే గోల్డ్ ఇచ్చే చిన్న సైనికుల గుంపు) వచ్చింది, పోయింది, అతను కదల్లేదు. అంత గోల్డ్ వదులుకుని మరీ కాపు కాశాడంటే ఇక్కడికి ఎవరో వస్తారని అతనికి గట్టిగా తెలుసు. ఎలా తెలిసింది? ఇంకా వెనక్కి వెళ్లాను. పన్నెండో నిమిషంలో మనవాడు అదే గుట్ట మీద వార్డ్ పెట్టి దిగి వస్తుంటే నదికి అవతల నుంచి లయన్ చూశాడు. అబ్జర్వర్ వార్డ్ ఆయుష్షు ఆరు నిమిషాలు. పన్నెండుకి పెడితే పద్దెనిమిదికి పోతుంది, పోగానే ఇదే మనిషి ఇక్కడికే వస్తాడు. వాళ్లు ఆ లెక్క వేసుకున్నారు. మనవాడు ఆ లెక్క తప్పకుండా వచ్చాడు.

ఈ ఒక్క సంగతి తెలిశాక అతనికి ఎన్ని దారులు తెరుచుకున్నాయో చూడండి. వార్డ్ ఇంకో గుట్టకి మార్చవచ్చు. అర నిమిషం ముందో వెనకో వెళ్లవచ్చు. స్మోక్ (కాసేపు కనపడకుండా చేసే వస్తువు) కొట్టి వెళ్లవచ్చు. అన్నిటికంటే ముందు, బయల్దేరేటప్పుడు మినీమ్యాప్ మీద ఎదుటి జట్టులో ఎవరెవరు కనిపిస్తున్నారో లెక్కపెట్టవచ్చు. ఆ రోజు ఇద్దరే కనిపించారు, మిగతా ముగ్గురి జాడ లేదు. ఇది అతని స్క్రీన్ మీదే ఉంది. అందుకే అవతలివైపు చూడటం అయిపోయాక అదే నిమిషాన్ని ఒకసారి మీ వైపు నుంచి, మీ జట్టు చూపు మాత్రమే పెట్టుకుని చూడాలి. రెండు జట్ల చూపూ కలిపి చూస్తే పడ్జ్ అక్కడే నిలబడి కనిపిస్తాడు. "ఇంత స్పష్టంగా ఉంటే ఎలా వెళ్లాను" అని మిమ్మల్ని మీరే తిట్టుకుంటారు. అది మీకు మీరు చేసుకునే అన్యాయం. ఆ క్షణానికి మీకు ఎంత తెలుసో అంతవరకే మీరు జవాబుదారీ.

మ్యాచ్‌కి రెండు చావులు చూస్తే చాలు. దెబ్బ ఎవరి నుంచి ఎంత పడిందో అనుమానంగా ఉంటే కాంబాట్ లాగ్ తెరవండి, ఎవరు ఏ స్పెల్ వేశారో వరసగా ఉంటుంది. మీ ర్యాంకు కంటే బాగా పైనున్న సపోర్ట్‌లు క్రిస్టల్ మెయిడెన్‌తో ఆడిన రీప్లేలు కూడా క్లయింట్‌లో, అంటే మీ కంప్యూటర్‌లోని గేమ్‌లోనే దొరుకుతాయి. వాటిలో మొదటి పది నిమిషాలు మౌస్ బాణం మీదే కన్నేసి చూడండి. మినీమ్యాప్ మీదికి ఎంత తరచుగా వెళ్లి వస్తుందో గమనిస్తే మీకే అర్థమవుతుంది.

తిట్టేవాళ్ల సంగతంటారా, మ్యూట్ బటన్ ఉన్నది అందుకే. మొహమాటపడకండి.

దాచుకున్న పాత రీప్లేలు అప్‌డేట్ వచ్చాక సరిగ్గా నడవట్లేదు. కొన్నయితే డౌన్‌లోడే కావట్లేదు. ఒక్కోటి దాదాపు వంద ఎంబీ తింటోంది. వీడియోలాగా పదికాలాలు దాచుకునే మార్గం లేదా?
— బ్యాంకు ఉద్యోగి, హన్మకొండ

రీప్లే వీడియో కాకపోవడమే దీనికి మూలం. అందులో బొమ్మలు ఉండవు. ఆట జరుగుతున్నప్పుడు సర్వర్ దగ్గరున్న సమాచారం, అంటే ఏ హీరో ఎక్కడున్నాడు, ఎంత ప్రాణం ఉంది, ఏ స్పెల్ వేశాడు, మౌస్ ఎక్కడుంది అన్నది క్షణక్షణానికీ రాసిపెట్టిన ఫైలు అది. మీరు ప్లే నొక్కినప్పుడు మీ కంప్యూటర్‌లోని గేమ్ ఆ రాతలు చదువుకుంటూ బొమ్మలన్నీ అప్పటికప్పుడు గీస్తుంది. ఏ ఆటగాడి వైపు నుంచైనా, ఏ జట్టు ఫాగ్ నుంచైనా చూడగలుగుతున్నది అందువల్లే. యూట్యూబ్ వీడియోలో ఆ వీలు ఉండదు.

కొన్ని ఆటలు ఇంకా పొదుపుగా రాస్తాయి. ఆటగాళ్లు ఏం నొక్కారో అది మాత్రమే దాస్తాయి. చదరంగంలో ఎత్తులు రాసిన కాగితం చేతిలో ఉంటే బల్ల మీద ఆట మొత్తం మళ్లీ ఆడి చూసుకోవచ్చు కదా, అదే పద్ధతి. 1993లో వచ్చిన డూమ్‌లో డెమోలు అలాంటివే, సెకనుకి 35 సార్లు మీటల స్థితి రాసుకునేది. స్టార్‌క్రాఫ్ట్‌కి 2001లో రీప్లే సదుపాయం వచ్చింది, అదీ ఇదే తరహా. వార్‌క్రాఫ్ట్ 3 కూడా అంతే. మా హాస్టల్లో ల్యాన్ మీద పాత డోటా (వార్‌క్రాఫ్ట్ 3లో ఒక మ్యాప్‌గా నడిచేది) ఆడిన రోజుల్లో యాభై నిమిషాల మ్యాచ్ రీప్లే ఒకటి రెండు ఎంబీల్లో సరిపోయేది, పెన్‌డ్రైవ్‌లో వేసుకుని గదులు తిరిగేవాళ్లం. కాకపోతే అందులో రెండు చిక్కులుండేవి. మ్యాచ్ అవగానే అది లాస్ట్‌రీప్లే అన్న పేరుతో పడేది, మీరు పేరు మార్చి దాచుకోకపోతే తర్వాతి మ్యాచ్ దాని మీదే వచ్చి కూర్చునేది. రెండోది, అవతలి గదిలోవాడి దగ్గర సరిగ్గా అదే డోటా మ్యాప్ వెర్షన్ ఉండాలి. రూల్స్ మారిన బల్ల మీద పాత ఎత్తులు నడిపితే ఆట ఇంకెటో వెళ్లిపోతుంది.

డోటా 2 సర్వర్ సమాచారాన్నే రాస్తుంది కాబట్టి ఫైలు పెద్దది. అయినా దాన్ని చదివి బొమ్మ గీయాల్సింది ఇవాళ్టి గేమే. హీరో మారినా, మ్యాప్ మారినా, ఇంజిన్ (ఆటను నడిపే మూల సాఫ్ట్‌వేర్) మారినా పాత రాత పొసగదు. దీనికి పెద్ద ఉదాహరణ 2015 ఆగస్టులో సియాటిల్‌లో జరిగిన ఇంటర్నేషనల్ (డోటా 2 ప్రపంచ పోటీ) ఫైనల్. ఈవిల్ జీనియసెస్, సీడెక్ జట్లు తలపడిన నాలుగో గేమ్‌లో రోషన్ అనే పెద్ద రాక్షసుడి గూటి దగ్గర ఈవిల్ జీనియసెస్ ఆటగాడు యూనివర్స్ ఎర్త్‌షేకర్ అనే హీరోతో వేసిన ఎకో స్లామ్ దెబ్బ ఈ ఆట ఆడే ప్రతివాడికీ కంఠతా వచ్చు. గెలిచిన జట్టుకి దక్కింది 66 లక్షల డాలర్లకు పైనే. ఆ మరుసటి నెలలోనే డోటా 2 సోర్స్ 2 ఇంజిన్‌కి మారింది. దాంతో పాత ఇంజిన్‌లో రాసిన ఆ రీప్లే ఇవాళ్టి క్లయింట్‌లో నడవదు. యూనివర్స్ సహచరుడు పీపీడీ వేసిన ఐస్ బ్లాస్ట్ అనే స్పెల్ ఆ గూట్లోకి ఎగిరిన క్షణంలో సీడెక్ వాళ్లకి ఏం కనిపిస్తోందో వాళ్ల ఫాగ్ పెట్టుకుని చూడాలని నాకు ఇప్పటికీ మనసు లాగుతుంది. ఆ పని వీడియోలో కుదరదు.

కాబట్టి మీరు చేయగలిగింది: మ్యాచ్ అయిన ఒకటి రెండు రోజుల్లోనే డౌన్‌లోడ్ చేయండి, ఎందుకంటే సర్వర్ మీద రీప్లేలని కలకాలం ఉంచరు. ఆ వారంలోనే చూసి పాఠం తీసుకోండి. పదేళ్ల తర్వాత పిల్లలకి చూపించాలనుకునే ఘట్టం ఏదైనా ఉంటే రీప్లే నడుస్తుండగానే స్క్రీన్ రికార్డ్ చేసి వీడియోగా దాచండి. హార్డ్‌డిస్క్ నిండిపోతుంటే డోటా ఫోల్డర్‌లో రీప్లేస్ అన్న ఫోల్డర్ ఉంటుంది, చూసేసినవి నిస్సంకోచంగా తీసేయండి.

ఎదుటి టీమ్‌లో ఒకడు మ్యాప్ హ్యాక్ (ఫాగ్‌లో ఉన్నవి కూడా చూపించే దొంగ సాఫ్ట్‌వేర్) వాడాడని నా అనుమానం. అతని హీరో మిరానా బాణం చీకట్లోకి వేస్తే ప్రతిసారీ తగిలింది. రీప్లేలో పట్టుకోవచ్చా?
— ఒక పాఠకుడు, విశాఖపట్నం

చాలావరకు పట్టుకోవచ్చు, కానీ తొందరపడి ముద్ర వేయకూడదు. చూపు అతని జట్టుకి మార్చి, ప్లేయర్ పర్‌స్పెక్టివ్‌లో మిరానాని ఎంచుకుని బాణం వేసిన ప్రతి సందర్భానికీ ముందు పది సెకన్లు చూడండి. మీ హీరో అతని జట్టు చూపులో కనిపిస్తున్నాడా? చాలాసార్లు మీకు తెలియని వార్డ్ ఒకటి ఎక్కడో గుట్ట మీద బయటపడుతుంది, అనుమానం అక్కడితో తీరిపోతుంది. వార్డ్ లేకపోతే, మీరు కొద్దిసేపటి క్రితం కనిపించి అదే దారిలో ఫాగ్‌లోకి వెళ్లారేమో చూడండి. మంచి మిరానా ఆటగాడు మీ నడకని బట్టి లెక్కవేస్తాడు, అది నేర్పు. తగలని బాణాల్ని కూడా చూడటం మర్చిపోకండి, అవి మనకి గుర్తుండవు.

అసలు అనుమానించాల్సింది కెమెరాని. చీకట్లో ఉన్న మనిషి కదిలినప్పుడల్లా అతని కెమెరా కూడా చీకట్లోనే ఆ మనిషిని వెంటాడుతుంటే, ఆట పొడుగునా అలాగే జరుగుతుంటే, రిపోర్ట్ కొట్టండి. 2021 నుంచి డోటా 2లో ఓవర్‌వాచ్ అనే ఏర్పాటు ఉంది. రిపోర్ట్ అయిన మ్యాచ్‌ల రీప్లే ముక్కల్ని వేరే ఆటగాళ్లు చూసి దోషమో కాదో చెబుతారు. మీకు ఆ అవకాశం వస్తే నాలుగు కేసులు చూడండి, మీ కన్ను బాగా పదునెక్కుతుంది.

కంటికి దొరకని హ్యాక్‌లూ ఉంటాయి. వాటిని పట్టడానికి ఈ ఆట తయారుచేసిన వాల్వ్ ఒక ఉచ్చు పన్నింది. మామూలుగా ఆడితే గేమ్ ఎప్పుడూ చదవని సమాచారాన్ని క్లయింట్‌లో ఒక మూల పెట్టి ఉంచింది. హ్యాక్ చేసే సాఫ్ట్‌వేర్ మాత్రమే దాన్ని చదివింది. చదివిన ఖాతాలు 40,000 పైచిలుకు 2023 ఫిబ్రవరిలో నిషేధానికి గురయ్యాయి. రీప్లే చూసి తేల్చలేని చోట ఇలాంటివి పనిచేస్తాయి. మీరు చాట్‌లో "హ్యాకర్" అని అరవడం వల్ల ఒరిగేది ఏమీ లేదు.

మా అబ్బాయి ఇంటర్ సెకండియర్. ఆదివారం ఒక మ్యాచ్ ఆడతాడు, ఆ తర్వాత అదే మ్యాచ్ గంటసేపు మళ్లీ చూస్తాడు. ఆడింది చాలక చూడటం కూడానా? ఇది మాన్పించడం ఎలా?
— ఒక తల్లి, రాజమహేంద్రవరం

అమ్మా, మాన్పించే ముందు ఒక్కసారి పక్కన కూర్చోండి. పది నిమిషాలు చాలు. ఆట అర్థం కానక్కర్లేదు. తన హీరో చచ్చిపోయినప్పుడు "ఇక్కడికి ఎందుకు వెళ్లావు నాన్నా" అని మామూలుగా అడగండి. "అప్పుడు ఇలా అనుకున్నాను, వాళ్లు అలా ఉన్నారని తెలియలేదు" అని కారణం చెబితే, ఆ పిల్లాడు తన నిర్ణయాన్ని తానే విప్పి చూసుకుంటున్నాడు. ఆ అలవాటు కెమిస్ట్రీ పేపర్‌లో మార్కులు పోయినప్పుడు కూడా పనికొస్తుంది. అలా కాకుండా తను చంపిన చోట్లే తిప్పితిప్పి చూసి మురిసిపోతుంటే, అప్పుడు మీ కోపం న్యాయమే.

ఇంకో మాట. ఓడిపోయిన కోపంలో వెంటనే ఇంకో మ్యాచ్ మొదలుపెట్టడం ఈ ఆటలో పెద్ద బెడద. ఒక్క మ్యాచ్ అంటే ముప్పావుగంట, ఓడితే మరో ముప్పావుగంట. మీ వాడు ఒకటితో ఆపి రీప్లే తెరుస్తున్నాడంటే ఆ సుడిలో లేడన్నమాట. గంట మాత్రం ఎక్కువే. పావుగంటలో రెండు సందర్భాలు చూసి ముగించమని ఒప్పందం చేసుకోండి. పబ్లిక్ పరీక్షల నెలల్లో రెండూ ఆపమనండి, ఆ మాట అనే హక్కు మీకుంది.

వాలరెంట్ (తుపాకులతో కాల్చుకునే జట్ల ఆట) ఆడతాను. ఇవన్నీ మా ఆటలో కుదురుతాయా?
— డిగ్రీ విద్యార్థిని, కరీంనగర్

2020లో ఆట వచ్చినప్పటి నుంచి అందరూ అడుగుతుంటే 2025లో పీసీకి రీప్లే ఇచ్చారు. ఏ ఆటగాడి వైపు నుంచైనా చూడవచ్చు కాబట్టి గుంటూరు విద్యార్థికి చెప్పిందే మీకూ. మిమ్మల్ని కొట్టినవాడు ఆ మూలలో ఎప్పటి నుంచి ఉన్నాడో, మీ అడుగుల చప్పుడు అతనికి ఎక్కడ వినిపించి ఉంటుందో చూడండి.

మేం అన్నదమ్ములం, కజిన్లం కలిసి ఐదుగురం. నేనూ ఇంకో ఇద్దరం డాలస్‌లో, తమ్ముళ్లిద్దరూ హైదరాబాద్‌లో. మాకు శనివారం రాత్రి అంటే వాళ్లకి ఆదివారం పొద్దున, అప్పుడే కలిసి ఆడతాం. ఓడిపోయాక డిస్కార్డ్‌లో రీప్లే పెట్టుకుంటే ప్రతిసారీ కొట్లాటే. నీ వల్ల పోయిందంటే నీ వల్ల పోయిందని. చూడటం మానేద్దామా?
— సాఫ్ట్‌వేర్ ఇంజినీరు, డాలస్

మానకండి. మీకు దొరికిన ఆ రెండు మూడు గంటలు ఎంత విలువైనవో నాకు తెలుసు, వాటిలో కొంత రీప్లేకి ఇస్తున్నారంటే మీకు ఈ ఆటంటే నిజమైన ఇష్టం. ముందు మ్యాచ్ అయిన వెంటనే చూడటం ఆపేయండి. ఒక వారం ఆగి, వచ్చే వారం ఆడబోయే ముందు చూడండి. అప్పటికి వేడి చల్లారుతుంది, ఆ కాసేపట్లో చూసింది వెంటనే ఆటలో పెట్టవచ్చు.

స్క్రీన్ షేర్ చేసేవాడి చేతిలోనే మౌస్ ఉంటుంది. మీ ఇంట్లో ఆ పని పెద్దవాళ్లే చేస్తుంటారని నా ఊహ. పెద్దన్నయ్య వెనక్కి లాగి "చూడు, ఇక్కడ నువ్వు" అంటే తమ్ముడు నేర్చుకోవడం మానేసి సంజాయిషీ వెతుక్కుంటాడు. అందుకని చచ్చిపోయినవాడి చేతికే మౌస్ ఇవ్వండి. తన చావు తనే ఆపి, తనే చెప్పాలి. తక్కినవాళ్లు ప్రశ్నలు మాత్రం అడగవచ్చు.

ఇంకో పద్ధతి ఉంది, ఐదుగురి జట్టుకి ఇది బాగా పనికొస్తుంది. మొత్తం రీప్లేని ఎదుటి జట్టు చూపులోనే చూడండి, మీ వాళ్ల వైపుకి అసలు మారొద్దు. మీ క్యారీ (చివర్లో జట్టుని గెలిపించే ప్రధాన పాత్ర) అవతలి క్యారీని, మీ మిడ్ (మధ్య దారిలో ఆడేవాడు) అవతలి మిడ్‌ని చూసుకుని, "నేను వాళ్ల జట్టులో ఉంటే మనల్ని ఎక్కడ కొడతాను" అని చెప్పాలి. వాళ్ల ఫాగ్‌లో మీరు ఐదుగురూ వచ్చిపోయే చుక్కలు, అంతే. తప్పు ఫలానావాడిది అనడానికి అక్కడ చోటుండదు. "మనం రోషన్ దగ్గరికి వెళ్లే ముందు ప్రతిసారీ ముగ్గురం ఒకేసారి మ్యాప్ మీంచి మాయమవుతున్నాం, వాళ్లు అది చూసే వస్తున్నారు" లాంటి మాటలు బయటికొస్తాయి. అది ఐదుగురూ కలిసి సరిచేసుకోవాల్సిన విషయం.

నెట్‌వర్త్ (జట్టు కూడబెట్టిన మొత్తం విలువ) గ్రాఫ్ మీద వాదన పెట్టుకోవద్దు. గీత ఎక్కడ కిందికి వంగిందో చూసి ఆ నిమిషానికి వెళ్లండి, గ్రాఫ్ మూసేయండి.

వచ్చే ఆదివారం ఆట అయ్యాక ఆ మ్యాచ్ నెంబరు నాకు పంపండి. రీప్లే సర్వర్ మీద ఉండగానే పంపితే డౌన్‌లోడ్ చేసుకుంటాను.